లోపల కలమా, పెంకా?

స్క్విడ్‌ను శుభ్రం చేసేటప్పుడు తల పట్టి లాగితే పేగులూ సిరాసంచీ దాంతోపాటే ఊడి వస్తాయి. ఖాళీ అయిన గొట్టంలోకి వేలు పోనిచ్చి వీపువైపు తడిమితే సన్నటి మొన ఒకటి తగులుతుంది. దాన్ని రెండు గోళ్ళ మధ్య పట్టి నెమ్మదిగా లాగండి. ఒరలోంచి కత్తి వచ్చినట్టు, గొట్టం ఎంత పొడవుంటే అంత పొడవున్న ఈక ఒకటి జారి వస్తుంది. నడిమి కాడ గట్టిగా, రెండు పక్కల రెక్క పల్చగా ఉంటుంది. వెలుతురుకి పట్టి చూస్తే అవతలున్న వేళ్ళు కనబడతాయి. మొదటిసారి చూసినవాళ్ళు ఇదేదో ప్లాస్టిక్ ముక్కని మింగిందేమోనని కంగారుపడతారు. ప్లాస్టిక్ కాదు, కైటిన్. రొయ్య పెంకులో ఉండే సరుకే. పూర్వీకుల ఒంటిమీదుండే గుల్ల కోట్ల ఏళ్ళలో లోపలికి పోయి, సున్నం వదిలేసుకుని, ఇంత పల్చటి పుల్లగా మిగిలింది. జంతుశాస్త్రంలో దీని పేరు గ్లాడియస్. లాటిన్‌లో కత్తి అని అర్థం. వంటింట్లో మాత్రం దీన్ని పెన్ అనేస్తారు.

ఈ పెన్ను సంగతి పట్టించుకోకుండా స్క్విడ్ గురించి రాయడం, అమ్మడం, వండడం మూడూ తప్పుదారేనని నా వాదన. మన మెనూల్లో, వంటల వీడియోల్లో స్క్విడ్, కటిల్ ఫిష్ ఒకే గంపలో పడిపోతున్నాయి. ఒక్కోసారి ఆక్టోపస్‌ను కూడా అందులోకే తోసేస్తున్నారు. ఎగుమతి లెక్కల్లో ఫ్రోజెన్ స్క్విడ్‌కి ఒక వరస, ఫ్రోజెన్ కటిల్ ఫిష్‌కి ఇంకో వరస ఎప్పటినుంచో ఉన్నాయి. ధర వేరు, కొనేవాడు వేరు. డబ్బు లెక్క దగ్గర అంత జాగ్రత్తగా విడదీసిన రెండు జంతువుల్ని తెలుగులో రాసేటప్పుడు కలిపేయడానికి బద్ధకం తప్ప మరో కారణం నాకు కనబడదు.

"స్క్విడ్ అసలు చేపే కాదు" అని మొదలుపెట్టేవాళ్ళతో నాకు పేచీ లేదుగానీ, అది చిన్న తప్పు. రొయ్యనీ చేపల మార్కెట్‌లోనే కొంటాం, ఎవరికీ నష్టం లేదు. స్క్విడ్‌కి వెన్నెముక లేదు. నత్తకీ ఆలిచిప్పకీ చుట్టం. మూడు గుండెలు: రెండు మొప్పలకి రక్తం తోస్తే, ఒకటి మిగతా ఒంటికి తోస్తుంది. రక్తంలో ఇనుము బదులు రాగి ఉండడంతో అది నీలంగా ఉంటుంది. అన్నవాహిక మెదడు మధ్యలోంచి పోతుంది కాబట్టి మింగే ముద్ద పెద్దదైతే ఇబ్బంది మెదడుకే. అందుకే చిలకముక్కులాంటి దవడతో మేతని తునకలు చేసి మింగుతుంది. ఇవన్నీ మొలస్కా పాఠానికి పనికొస్తాయి. చేపల బల్ల ముందు నిలబడ్డవాడికి కావలసిన తేడా వేరే.

ఆ తేడా కటిల్ ఫిష్ వీపులో ఉంది. దాని వీపు కోస్తే ఈక రాదు, తెల్లటి పలక వస్తుంది. కోలగా, అరచేయంత, గోటితో గీరితే పొడి రాలే పలక. అది సున్నపు పెంకు. లోపల పల్చటి అరలు అరలుగా ఉంటుంది; కొన్ని అరల్లో గాలి, కొన్నింట్లో నీళ్ళు. ఆ పాళ్ళు మార్చుకుంటూ కటిల్ ఫిష్ ఈదే శ్రమ లేకుండా నీళ్ళలో తేలుతూ నిలబడగలదు. ప్రాణం పోయాక ఒళ్ళు కుళ్ళిపోతుంది, పలక మాత్రం తేలుకుంటూ ఒడ్డుకి కొట్టుకొస్తుంది. దీన్ని మనవాళ్ళు ఎరగకపోలేదు. ఆయుర్వేదం దుకాణాల్లో 'సముద్రఫేనం' అని అమ్మేది ఇదే. సముద్రపు నురగ గడ్డకట్టిందనుకుని పెట్టిన పేరు. పంజరంలో చిలకలకి సున్నం కోసం తగిలించేదీ ఇదే, కొందరు కంసాలులు చిన్న నగలు పోత పోయడానికి అచ్చుగా చెక్కుకునేదీ ఇదే.

ఇక్కడ నాకు ఆసక్తిగా తోచే సంగతి ఒకటుంది. కటిల్ ఫిష్ పెంకు ఒడ్డుకొస్తుంది కాబట్టి దానికి సంస్కృతంలో పేరు దొరికింది, వైద్యంలో చోటు దొరికింది. స్క్విడ్ పెన్ ఒడ్డుకి రాదు. వచ్చినా పారదర్శకంగా ఉండి ఎవరి కంటా పడదు. అంటే కటిల్ ఫిష్‌కి పేరు తెచ్చిపెట్టింది అది చచ్చాక తేలిన పెంకు. స్క్విడ్‌కి పేరు కావాలంటే చేత్తో పట్టుకుని కోసి చూడాలి.

పక్కవాళ్ళు కోసి చూసే పెట్టారు. తమిళంలో రెండింటికీ ఉమ్మడి మాట కణవాయ్. విడదీయాల్సి వస్తే స్క్విడ్‌ని ఊసి కణవాయ్ అంటారు, కటిల్ ఫిష్‌ని ఓట్టు కణవాయ్ అంటారు. ఊసి అంటే సూది, ఓడు అంటే పెంకు. రెండు మాటల్లో రెండు జంతువుల లోపలి నిర్మాణం మొత్తం చెప్పేశారు. మలయాళంలో కూందళ్, ముంబయి వైపు మాకుల్, మంగళూరులో బొండాస్. ఎవరి మాట వాళ్ళకుంది. మన తీరం మీద పడవల దగ్గర వినిపించే మాటలు ఊరూరికీ మారతాయి. ఏ మాటైనా సరే రేవు దాటి హోటల్ దాకా వచ్చేలోపు 'స్క్విడ్' అయిపోతుంది, ఇంకాస్త ఖరీదైన చోట 'కలమారి' అయిపోతుంది.

ఈ కలమారి మాటే చూడండి. ఇటాలియన్ నుంచి వచ్చింది. వెనక్కి తవ్వితే లాటిన్‌లో కలమారియుం, అంటే కలాలూ సిరాబుడ్డీ పెట్టుకునే పెట్టె. లోపల పెన్ను, పక్కన సిరాసంచి: ఆ పెట్టె లక్షణాలన్నీ ఈ జంతువులో ఉన్నాయి కదా! దానికి మూలం కలముస్, ఇంకా వెనక గ్రీకులో కలమోస్, రెల్లుపుల్ల. అదే గ్రీకు మాట అరబ్బీలో ఖలం అయింది, పారశీకం, ఉర్దూల మీదుగా మనకి కలం అయింది. శ్రీకాళహస్తిలో వెదురుపుల్లతో గుడ్డమీద గీసే కలంకారీలో ఉన్న కలమూ, హోటల్ ప్లేటులో రింగులుగా వేగిన కలమారిలో ఉన్న కలమూ ఒకటే మాట. అందుకే 'కలం' అని స్క్విడ్ పెన్నుని పిలిస్తే అది నేను కొత్తగా పుట్టించిన మాట కాదు, పాత బంధుత్వమే. కలం ఉంటే స్క్విడ్, పెంకు ఉంటే కటిల్. ఇంతకన్నా సులువైన నియమం నాకు తెలీదు.

"అంత లోపలికి ఎందుకు, పైనుంచి చూస్తే తెలీదా?" అంటారు. చాలాసార్లు తెలుస్తుంది. మన తీరంలో ఎక్కువగా పడే ఇండియన్ స్క్విడ్ సన్నటి గొట్టంలా ఉంటుంది, తోక చివర పలకపలకగా రెండు రెక్కలు. కటిల్ ఫిష్ వెడల్పుగా, బల్లపరుపుగా, ఒంటి చుట్టూ అంచు కుట్టినట్టు సన్నటి రెక్కతో ఉంటుంది. కానీ మన్నారు సింధుశాఖ, పాక్ జలసంధి వైపు బాగా దొరికే బిగ్‌ఫిన్ రీఫ్ స్క్విడ్ ఈ లెక్కని తలకిందులు చేస్తుంది. దాని రెక్క గొట్టం పొడవునా పాకి, మొత్తం ఒళ్ళు కోలగా కనిపిస్తుంది. చూడగానే ఎవరైనా కటిల్ అనే అంటారు. శాస్త్రవేత్తలు కూడా ఆ పోలిక దాచుకోలేక సెపియోట్యూథిస్ అని పేరు పెట్టారు. సెపియా అంటే కటిల్, ట్యూథిస్ అంటే స్క్విడ్. కోస్తే మాత్రం లోపల కలమే. కోయనక్కర్లేకుండా తేల్చుకోవాలంటే బొటనవేలితో వీపు మధ్యలో నొక్కండి. అట్టముక్కలా ఎదురు తిరిగితే కటిల్. మెత్తగా దిగి, వేలికింద సన్నటి గీతలా ఏదో తగిలితే స్క్విడ్.

కటిల్‌లో కూడా మళ్ళీ తేడాలున్నాయి, వాటి పేర్లూ పెంకు చూసి పెట్టినవే. సెపియా అక్యులియాటా అంటే ముల్లున్నది: పెంకు చివర ముల్లు పొడుచుకొస్తుంది. సెపియెల్లా ఇనెర్మిస్ అంటే ఆయుధం లేనిది: పెంకుకి ఆ ముల్లు ఉండదు. బాగా పెద్దదై ఎక్కువ ధర పలికే సెపియా ఫారోనిస్‌కి మాత్రం ఫారో చక్రవర్తుల పేరు పెట్టారు. దాని ఒంటిమీద పులిచారలు చూసినవాడికి ఆ పేరెందుకో అర్థం కాదు.

ఇక వంట. తేడా అసలు దెబ్బకొట్టేది ఇక్కడే. స్క్విడ్ గొట్టం గోడ పల్చన, దాని కండరాల పోగులు గొట్టం చుట్టూ గాజుల్లా తిరుగుతాయి. (ఎండబెట్టిన స్క్విడ్ నిలువుగా చీలదు, అడ్డంగా పీచుపీచుగా ఊడుతుంది. కారణం ఇదే.) సెంటీమీటరు వెడల్పు రింగులు కోసి, తడి లేకుండా గుడ్డతో అద్ది, బాగా కాగిన మూకుడులో ఒక విడతకి పావుకిలో మించకుండా వేస్తే నిమిషంన్నర, మహా అయితే రెండు నిమిషాలు చాలు. పాలలా తెల్లబడగానే దించేయాలి. అక్కడ దించకపోతే ముక్క చుట్టూ ఉన్న కొల్లాజెన్ అనే బిగువైన మాంసకృత్తి ముడుచుకుని కండలోని నీళ్ళన్నీ పిండేస్తుంది. అయిదు నిమిషాలకల్లా చెప్పు అడుగు నమిలినట్టుంటుంది. ఒక్కసారి కిలో పోసినా ఇదే గతి. మూకుడు చల్లారి, నీళ్ళు ఊరి, వేగాల్సింది ఉడకడం మొదలుపెడుతుంది. సమయం దాటిపోయిందని తెలిస్తే పారేయకండి. చింతపండు పులుసు పోసి, సన్న సెగ మీద నలభై నిమిషాలు మరిగించండి. బిగుసుకున్న ఆ కొల్లాజెనే కరిగి జెలటిన్ అవుతుంది, ముక్క మళ్ళీ మెత్తబడుతుంది. రెండు నిమిషాలకీ నలభై నిమిషాలకీ నడుమ ఉన్నదంతా రబ్బరు మేటే.

కటిల్ ఫిష్ కండ దీనికి రెండుమూడింతల మందం. రింగులు రావు, పలకలే వస్తాయి. స్క్విడ్ కోసం రాసిన రెండు నిమిషాల లెక్క దాని మీద వేస్తే పైన గట్టిపడి లోపల పచ్చిగా మిగులుతుంది. లోపలివైపున కత్తితో వజ్రాల గళ్ళలా సగం మందం దాకా గాట్లు పెట్టి వేయించాలి, లేదా మొదటినుంచీ పులుసుకే కేటాయించాలి. "స్క్విడ్ ఫ్రై గట్టిగా వచ్చింది, ఏం తప్పు చేశాను?" అని అడిగేవాళ్ళలో కొందరి మూకుడులో ఉన్నది అసలు స్క్విడ్డే కాదని నా అనుమానం. సిరాసంచి దగ్గర కూడా జాగ్రత్త: కటిల్ సిరా చిక్కగా, చాలా ఎక్కువగా ఉంటుంది, చిట్లితే చెయ్యీ పలకా అన్నీ గోధుమ నలుపు. పాత ఫొటోల రంగుని సెపియా అనడం ఆ సిరా పుణ్యమే.

తాజాదనం చూడడానికి తోలు చాలు, కాకపోతే తోలు ఉండాలి. స్క్విడ్ ఒంటిమీద చుక్కలన్నీ రంగుసంచులు. ఒక్కో సంచి చుట్టూ చక్రం ఆకుల్లా కండరాలు ఉంటాయి. అవి లాగితే చుక్క విప్పారుతుంది, వదిలితే సూదిమొనంత అవుతుంది. పడవలోంచి దింపిన కాసేపటిదాకా, ప్రాణం పోయాక కూడా, ఆ చుక్కలు మిణుకుమిణుకుమంటూనే ఉంటాయి. అంతకంటే మంచి సరుకు దొరకదు. తర్వాత ఒళ్ళు పాలరంగుకి తిరుగుతుంది. ఆ పైన రంగుసంచులు చిట్లి గులాబీ రంగు కండలోకి దిగుతుంది. తోలు తీస్తే లోపలి కండకి కూడా ఆ గులాబీ అంటుకుని ఉంటే వదిలేయండి. తోలు తీసేసి తెల్లగా మెరిసే గొట్టాలు అమ్మేచోట ఈ పరీక్ష చేయలేం. వాటిని నీళ్ళలో నానబెడితే తూకం పెరుగుతుంది. ఆ తూగిన నీళ్ళన్నీ మూకుడులోకి కక్కుతాయి. ఇంట్లో దాచుకునేటప్పుడు కూడా ఐసు నేరుగా తగలనివ్వకుండా సంచిలో కట్టి ఐసులో పూడ్చాలి. కరిగిన మంచినీళ్ళలో మునిగితే రంగూ రుచీ రెండూ పోతాయి.

శాస్త్రీయ నామం రాస్తే గొడవ తీరిపోతుందనేవాళ్ళున్నారు. నాకంత నమ్మకం లేదు. ఇంటర్ జంతుశాస్త్రంలో లాలిగో అని బట్టీపట్టిన తరాలున్నాయి మనకి. మన తీరంలో పడే స్క్విడ్ ఇప్పుడు లాలిగో కాదు. ఆ ప్రజాతి పేరు యూరప్, ఆఫ్రికా తీరాల జాతులకి మిగిలింది. మనది యూరోట్యూథిస్ (ఫోటోలాలిగో) డువాసెలి అయింది. ఉపప్రజాతి పేరులోని ఫోటో అంటే వెలుగు. పొట్టవైపు నిలువుగా కోసి చూస్తే సిరాసంచి మీద రెండు పక్కలా రెండు చిన్న దీపపు అవయవాలు కనిపిస్తాయి. వెలుగిచ్చేది వాటిలో కాపురముండే బ్యాక్టీరియా. ఇది కూడా కోసి చూసి పెట్టిన పేరేనని గమనించగలరు. చివరి మాట మాత్రం మనిషి పేరు. 1835లో ఫ్రెంచి ప్రకృతి శాస్త్రవేత్త ఆల్సిడ్ దోర్బిన్యీ ఈ జాతిని వర్ణించి, ఇండియాలో జంతువుల్ని సేకరిస్తూ తిరిగి 1824లో మద్రాసులో చనిపోయిన ఆల్ఫ్రెడ్ డువాసెల్ పేరు పెట్టాడు. మన బారాసింగా దుప్పి శాస్త్రీయ నామంలోనూ ఈయనే ఉన్నాడు.

ఆ డువాసెల్‌కి సవతి తండ్రి జార్జ్ కువ్యే. జంతువుల శరీర నిర్మాణంలో ఆనాడు ఆయన మాటకి తిరుగులేదు. ఆయనే 1829లో, ఆర్గొనాట్ అనే ఆక్టోపస్ జాతి ఆడదాని లోపల దొరికిన ఒక వస్తువుని చూసి, కొత్త పరాన్నజీవి పురుగు అనుకుని హెక్టోకొటైల్ అని పేరు పెట్టాడు. నూరు చూషకాలు, అంటే పీల్చి పట్టుకునే గిన్నెలు, ఉన్నదని అర్థం. అది పురుగు కాదు, మగ ఆర్గొనాట్ వీర్యంతో సహా తెంపి ఇచ్చేసిన చెయ్యి! తప్పు బయటపడ్డాక కూడా పేరు అలాగే ఉండిపోయింది. ఇప్పటికీ మగ స్క్విడ్‌ని గుర్తుపట్టే చేతిని హెక్టోకొటైలస్ అనే అంటున్నాం. మన ఇండియన్ స్క్విడ్‌లో అది పొట్టవైపున్న ఎడమ చెయ్యి. చివరికి వెళ్ళేకొద్దీ చూషకాలు మాయమై దువ్వెన పళ్ళలాంటి కండలు మొలుస్తాయి. ఊడిపోదు, వీర్యపు పొట్లాల్ని ఆడదానికి అందించడానికే పనికొస్తుంది.

అసలు చిరాకంతా ఇంగ్లీషు పేర్లని మక్కికి మక్కి దించినప్పుడు వస్తుంది. 'జెయింట్ స్క్విడ్ నరంతో నోబెల్' అని రాసేస్తారు. 1963లో హాజ్‌కిన్, హక్స్‌లీలకి నోబెల్ వచ్చింది స్క్విడ్‌లోని జెయింట్ యాక్సాన్ మీద చేసిన పనికి. పెద్దది నరపుపోగు, స్క్విడ్ కాదు. వాళ్ళు వాడింది ఇంగ్లండ్‌లోని ప్లిమత్ దగ్గర వలల్లో పడ్డ మామూలు లాలిగో. ఆ పోగు దాదాపు అర మిల్లీమీటరు మందం ఉంటుంది. లోపలికి ఎలక్ట్రోడ్ దూర్చగలిగారంటే అందుకే. అంత మందం ఎందుకంటే పారిపోవడానికి. గొట్టం మొత్తం ఒక్కసారే బిగుసుకుంటేనే నీళ్ళు గొట్టంముక్కులోంచి చిమ్మి ఒళ్ళు వెనక్కి దూసుకుపోతుంది. తల దగ్గరి కండకీ తోక దగ్గరి కండకీ కబురు ఒకేసారి అందాలంటే దూరం పోయే పోగు మరింత మందంగా ఉండాలి, మందంగా ఉంటేనే కబురు వేగంగా నడుస్తుంది. స్క్విడ్‌లో సరిగ్గా అలాగే ఉన్నాయి.

నిజమైన జెయింట్ స్క్విడ్, ఆర్కిట్యూథిస్, వేరే ఇంటిది. దానికీ మన రేవు స్క్విడ్‌కీ తేడా కంట్లో ఉంది. తీరపు స్క్విడ్‌ల కంటిమీద పారదర్శకమైన పొర కప్పి ఉంటుంది, నడిసముద్రపు స్క్విడ్‌లకి ఆ పొర మూసుకోదు, కన్ను సముద్రపు నీళ్ళకి తెరుచుకునే ఉంటుంది. మయోప్సిడా, ఈగోప్సిడా అనే పేర్లకి మూసిన కన్ను, తెరిచిన కన్ను అని అర్థం. ఆర్కిట్యూథిస్‌కి దొరికిన ముక్కల్ని బట్టి ఇరవై దాకా జాతుల పేర్లు పెట్టారు; 2013లో డీఎన్ఏ చూస్తే ప్రపంచమంతా ఒకటే జాతి అని తేలింది. దాన్ని వండుకుందామని కలలు కనేవాళ్ళకి ఒక మాట: తేలడానికి ఒళ్ళంతా అమ్మోనియం క్లోరైడ్ నింపుకుంటుంది, చేదు. కొలోసల్ స్క్విడ్ మళ్ళీ ఇంకోటి. 2007లో అంటార్కిటికా దగ్గర రాస్ సముద్రంలో పడింది 495 కిలోలు తూగింది. జెయింట్ పొడవులో, కొలోసల్ బరువులో గొప్ప. మన వార్తల్లో రెండూ 'రాక్షస స్క్విడ్'. పొడవు గురించి చదివేటప్పుడు గొట్టం పొడవా, చేతులతో కలిపా అని చూసుకోండి. వేటకి చాచే రెండు పొడుగు చేతులు రబ్బరులా సాగుతాయి కాబట్టి శాస్త్రవేత్తలు వీపు మీద గొట్టాన్నే కొలుస్తారు. మన స్క్విడ్ పదిహేను సెంటీమీటర్లంటే అర్థం అదే.

కలం నియమానికి లొంగనివి లేవా అంటే ఉన్నాయి. వాంపైర్ స్క్విడ్‌కి లోపల కలంలాంటిది ఉంది, కానీ ఎనిమిది చేతులే. పొడుగు చేతుల స్థానంలో రెండు దారాలు. 1903లో మొదట వర్ణించినప్పుడు ఆక్టోపస్ అనే అనుకున్నారు, ఇప్పుడు దాన్ని వర్గీకరణలో ప్రత్యేక క్రమంలో (ఆర్డర్) ఒంటరిగా కూర్చోబెట్టారు. రక్తం తాగడం మాట దేవుడెరుగు, పైనుంచి రాలే చెత్తాచెదారం తిని బతుకుతుంది. పేరులోని రెండు మాటలూ అబద్ధమే. చేపల బల్ల మీదికి అది ఎలాగూ రాదు కాబట్టి నా నియమానికి బెంగ లేదు.

స్పైరూలా సంగతి వేరు. దాన్ని ఇంగ్లీషులో పొట్టేలుకొమ్ము స్క్విడ్ అంటారు. నడివేలంత జంతువు, లోతు నీళ్ళది, బతికుండగా చూసినవాళ్ళు అరుదు. చచ్చాక మాత్రం లోపలి భాగం హిందూ మహాసముద్రపు ఒడ్లకి కూడా కొట్టుకొస్తుంది. రెండు సెంటీమీటర్ల తెల్లటి చుట్ట, వరసలు ఒకదాన్నొకటి తాకవు. నత్తగుల్ల అనుకుని ఏరుకుంటారు. పగలగొడితే లోపల గదులు, గదికీ గదికీ మధ్య గోడ, గోడలోంచి సన్నటి గొట్టం. కలం కాదు, పెంకు.